రెండేళ్ల పాటు నేను ముట్టుకోని గేర్ లివర్ మూల

ఆటోమేటిక్ కారు తీసుకున్న రోజు షోరూమ్‌లో కుర్రాడు చెప్పింది ఒక్కటే మాట, "డిలో వేసి మర్చిపోండి సార్" అని. డి అంటే డ్రైవ్, గేర్లు బండే మార్చుకుంటుంది. నేను నిజంగానే మర్చిపోయాను. డి పక్కన ఎం (మాన్యువల్) అని, గేరు మనమే పెంచుకోవడానికీ తగ్గించుకోవడానికీ ప్లస్ మైనస్ గుర్తులతో ఒక మూల ఉందని తెలుసు. కుర్రకారు సరదాకి పెట్టారనుకుని రెండేళ్లు దాని జోలికే పోలేదు. ఇప్పుడు ఆ కారుకి 8 ఏళ్లు, 1,10,000 కిలోమీటర్లు తిరిగింది. పెట్రోల్ బండి, 6 గేర్లు, టార్క్ కన్వర్టర్ రకం, అంటే ఇంజన్ బలం గేర్‌బాక్స్‌కి ఆయిల్ ద్వారా అందే రకం. ఇన్నేళ్లలో ఆ మూల ఎప్పుడు పనికొచ్చిందో, ఎప్పుడు దండగో రాస్తున్నాను.

దాని విలువ నాకు తెలిసింది మాడు వాసనతో. ఒక పొడవాటి కొండ దిగుతున్నాం. లోపల ఐదుగురం, డిక్కీ నిండా సామాను. అలవాటుగా డిలోనే ఉంచాను. యాక్సిలరేటర్ మీంచి కాలు తీయగానే, ఇక బలం అక్కర్లేదనుకుని గేర్‌బాక్స్ ఐదుకి, ఆరుకి వెళ్లిపోయింది. అంత పై గేరులో ఇంజన్ బండిని పట్టి ఉంచేది చాలా తక్కువ. భారమంతా బ్రేకుల మీదే పడింది. మలుపుకో తొక్కుడు, మధ్యలో కూడా కాలు పూర్తిగా తీయకుండా రుద్దుడు. సగం దిగేసరికి ఏదో మాడుతున్న వాసన. ముందున్న లారీదేమో అనుకున్నాం. తర్వాతి మలుపులో పెడల్ ఎప్పటికన్నా లోతుకి దిగింది, బండి మాత్రం తాపీగా ఆలోచించుకుని ఆగింది. పక్కకి తీసి దిగితే ముందు చక్రాల దగ్గర సెగ మొహానికి కొట్టింది. చల్లారేదాకా ముప్పావుగంట అక్కడే కూర్చున్నాం.

జరిగింది ఇదీ. బ్రేక్ ప్యాడ్‌లు మరీ వేడెక్కితే వాటి పట్టు తగ్గిపోతుంది. దానికి తోడు బ్రేక్ ఆయిల్ గాలిలోని తేమని పీల్చుకుంటూ ఉంటుంది. డాట్ 4 అనే రకం బ్రేక్ ఆయిల్ కొత్తగా ఉన్నప్పుడు కనీసం 230 డిగ్రీల దాకా మరగకూడదని ప్రమాణం. తేమ పట్టిన దానికి ఆ ప్రమాణం 155 డిగ్రీలే. మరిగితే బుడగలు వస్తాయి, కాలు బుడగల్ని నొక్కుతుంది, బ్రేకుని కాదు. నేను కొన్నప్పటి నుంచి ఆ ఆయిల్ మార్చనేలేదు. అది నా తప్పే.

మరుసటి ఏడాది అదే దిగుడు. ఈసారి పైనే, రోడ్డు వాలకముందే, వేగం 40కి తగ్గించి లివర్‌ని ఎంలోకి నెట్టి రెండో గేరుకి తెచ్చాను. ఇంజన్ నిమిషానికి ఎన్ని చుట్లు తిరుగుతోందో చూపే ఆర్పీఎం ముల్లు 3000 మీదికి లేచింది, ఇంజన్ మోత మొదలైంది. వెనక నుంచి ఎవరో తాడు కట్టి పట్టుకున్నట్టు బండి నిలకడగా దిగింది. వెనక సీట్లో మా బావమరిదికి టెన్షన్. "బావా, అలా అరుస్తోందేంటి, ఇంజన్ పోదూ?" అన్నాడు. ఇంజన్ దాటకూడని ఎర్రగీత 6000 పైన ఉంది, 3000 అంటే దానికి మామూలు పనే అని చెప్పినా నమ్మలేదు. పెట్రోల్ తాగేస్తుందన్నది అతని రెండో అనుమానం. నిజానికి గేరులో ఉండి, యాక్సిలరేటర్ వదిలేసి, చక్రాలే ఇంజన్‌ని తిప్పుతున్నప్పుడు ఇప్పటి ఇంజన్లు ఇంధనాన్ని పూర్తిగా ఆపేస్తాయి. పొదుపని న్యూట్రల్‌లో దింపేవాళ్లే ఐడిలింగ్‌కి పెట్రోల్ కాల్చేది, పైగా ఇంజన్ పట్టు కూడా పోగొట్టుకునేది.

ఏ గేరు అంటే, యాక్సిలరేటర్ వదిలేస్తే వేగం దానంతటది పెరగకుండా ఉండే గేరు. పెరుగుతుంటే బ్రేకుతో తగ్గించి ఇంకొకటి కిందికి. బ్రేకు వాడొద్దని కాదు, గట్టిగా ఒకసారి నొక్కి పూర్తిగా వదిలేయాలి, రుద్దుతూ పోకూడదు. ఇంకొకటి, గేరుతో వేగం తగ్గితే వెనక ఎర్ర లైట్లు వెలగవు. వెనక బండి మరీ దగ్గరగా ఉంటే పెడల్‌ని ఊరికే అలా తాకిస్తాను.

ఎక్కేటప్పుడు అవసరం వేరు. నిండు బరువుతో ఎక్కుతుంటే డి మూడుకీ నాలుగుకీ మధ్య ఊగిసలాడుతుంది. నాలుగు వేస్తుంది, చాలక మళ్లీ మూడు, రోడ్డు కాస్త చదునైతే మళ్లీ నాలుగు. చిరాకు సంగతి అలా ఉంచితే, ఆ ఊగులాటలో కన్వర్టర్ జారుతూ గేర్‌బాక్స్ ఆయిల్‌ని వేడెక్కిస్తుంది. మూడులో కట్టేస్తే గోల ఉండదు. పాపం డి తప్పేం లేదు, దానికి తెలిసేది ఇప్పటి వేగమూ, నా కాలూ. ముందున్న మలుపు నాకు కనిపిస్తుంది, దానికి కనిపించదు.

ఓవర్‌టేక్‌కి నేను దాదాపు వాడను. కాలు దిగనొక్కితే అదే కింది గేరు వేసుకుంటుంది. సిటీ ట్రాఫిక్‌లో అసలే వద్దు. తడి రోడ్డు మీద మాత్రం జాగ్రత్త, ఒక్కసారిగా కిందికి దింపితే ఇంజన్ కుదుపుకి చక్రాలు జారవచ్చు. నేను వేగం ముందే తగ్గించి ఒక్కో గేరే దింపుతాను. మరీ వేగంలో రెండు వేద్దామంటే బండి ఒప్పుకోదు, బీప్‌మని ఊరుకుంటుంది.

మా అన్నయ్యది సీవీటీ. దాంట్లో విడిగా గేర్లు ఉండవు, అయినా ఎల్ (లో) స్థానంలో వేస్తే దిగుడులో అదే పట్టు దొరుకుతుంది. పాత 4 గేర్ల బండ్లలో ఈ పని 2, ఎల్, అన్నిటికన్నా పై గేరుని ఆపేసే ఓవర్‌డ్రైవ్ ఆఫ్ బటన్ చేసేవి. పెట్రోల్ ఇంజన్‌తో పాటు బ్యాటరీ మోటారు కూడా ఉండే హైబ్రిడ్‌లలో చాలావాటికి లివర్ మీద బి అని ఉంటుంది. బ్యాటరీ నిండిపోయి ఇక ఛార్జ్ పట్టనప్పుడు కూడా ఇంజన్‌ని తిప్పి బండిని పట్టి ఉంచడానికి అది.

నా బండి మీద ఫిర్యాదు ఒకటుంది. డి నుంచి ఎంకి అడ్డుగోడ ఏమీ లేదు, మోచెయ్యి తగిలినా జారిపోతుంది. ఒకసారి పాటలు గట్టిగా పెట్టుకుని హైవే మీద నాలుగో గేరులోనే 20 నిమిషాలు పోయాను. డ్యాష్‌బోర్డు మీద ఆ అంకె మిరియపు గింజంత ఉంటుంది మరి. ఇప్పుడు కారు మార్చాలని చూస్తున్నాను. టెస్ట్ డ్రైవ్‌లో ముందు అడిగేది కింది గేరులో బండిని కట్టి ఉంచే వీలుందా అని. స్టీరింగ్ వెనక గేరు మార్చే మీటలు (ప్యాడిల్స్) ఉన్న ఒక బండి నడిపాను, మైనస్ కొట్టిన కొన్ని సెకన్లకే మళ్లీ తనంతట తాను డికి వెళ్లిపోయింది. దాన్ని లిస్టులోంచి తీసేశాను.