రెండు చేతులతో మళ్ళీ: లియోన్ ఫ్లైషర్ ‘టూ హ్యాండ్స్’ ఆల్బమ్

వాన్‌గార్డ్ క్లాసిక్స్ సంస్థ 2004లో విడుదల చేసిన ఈ పియానో ఆల్బమ్‌ను, వాయించిన మనిషి కథ తెలియకపోయినా సంగీతం కోసమే కొనుక్కోవచ్చు. ఆయన మీద జాలితో వినవలసిన అవసరం ఎక్కడా కలగలేదు.

అయినా కథ చెప్పక తప్పదు. అమెరికన్ పియానిస్టు లియోన్ ఫ్లైషర్ 1952లో బ్రస్సెల్స్‌లో క్వీన్ ఎలిజబెత్ పోటీ గెలిచి, జార్జ్ సెల్ నిర్వహణలో క్లీవ్‌లాండ్ ఆర్కెస్ట్రా (వాద్యబృందం)తో బీథోవెన్, బ్రామ్స్ కన్చెర్టోలను, అంటే ఒక వాద్యం వాద్యబృందంతో కలిసి వాయించే రచనలను, రికార్డు చేసి మంచి పేరులో ఉండగా, 1960ల మధ్యలో ఆయన కుడిచేతి ఉంగరపు వేలు, చిటికెన వేలు అరచేతిలోకి ముడుచుకుపోసాగాయి. మెదడు నుంచి కండరాలకు అందే ఆదేశాలు గాడి తప్పే ఈ రుగ్మతను ఫోకల్ డిస్టోనియా అంటారు. ఆ తరువాత మూడు దశాబ్దాల పాటు ఆయన బాల్టిమోర్‌లోని పీబాడీ సంగీత కళాశాలలో పాఠాలు చెప్పారు, ఆర్కెస్ట్రాలు నడిపారు, మొదటి ప్రపంచయుద్ధంలో కుడిచేయి కోల్పోయిన పియానిస్టు పాల్ విట్‌గెన్‌స్టైన్ కోసం ఫ్రెంచి స్వరకర్త రావెల్ రాసిన కన్చెర్టో వంటి ఎడమచేతి రచనలు వాయించారు. 1990లలో బొటాక్స్ ఇంజెక్షన్ల సాయంతో బిగిసిన కండరాలు సడలాయే గాని జబ్బు పూర్తిగా నయం కాలేదు.

ఈ ఆల్బమ్‌కు ప్రాణం షూబర్ట్ తన చివరి నెలల్లో రాసిన బి ఫ్లాట్ మేజర్ సొనాటా (పలు భాగాల వాద్యరచన), ముఖ్యంగా దాని రెండవ భాగం. అందులో కుడిచేయి మధ్యస్థాయిలో పాటను నెమ్మదిగా నడిపిస్తుంటే, ఎడమచేయి మంద్రస్వరాన్ని నిలిపి, కుడిచేతి మీదుగా దాటివెళ్ళి తారస్థాయిలో ఒక స్వరాన్ని తాకి వెనక్కి వస్తూ ఉంటుంది. అన్నేళ్ళు ఒంటరిగా బరువు మోసిన చేయి ఇక్కడ రెండవదానికి పాటను అప్పగించి చుట్టూ కాపు కాయడం విన్నప్పుడు నా గొంతు పూడుకుపోయింది. ఫ్లైషర్ మాత్రం ఎక్కడా కరుణను అరువు తెచ్చుకోరు. కాలప్రమాణం చెదరదు, తారస్వరం ఒక్కసారి కూడా గట్టిగా మోగదు.

బాఖ్ రచనల పియానో రూపాంతరాలు ప్రశాంతంగా ఉన్నాయి, షోపాన్ నాక్టర్న్ (రాత్రి భావపు చిన్న రచన) మరీ బాగుంది. పోలండ్ జానపద నృత్యపు నడక గల మజుర్కాలో మాత్రం నృత్యపు విరుపు ఇంకొంచెం ఉండవలసిందని నా అభిప్రాయం. ఫోన్ స్పీకరులో వింటే సొనాటా మొదటి భాగంలో అడుగున అతి మెల్లగా మోగే మంద్రకంపనం దాదాపు వినబడదు కనుక, మంచి హెడ్‌ఫోన్లతో, రచనల వరుస మార్చకుండా వినవలసిందిగా కోరుతున్నాను.