మొక్కల స్టెరాల్ క్యాప్సూల్స్: మూడేళ్ల వాడకం, ఎనిమిది రక్తపరీక్షలు

తిరుపతి భవానీ నగర్‌లో మా ఇంటి బీరువాలో ఒక పాత పద్దుల పుస్తకం ఉంది. ముప్పై ఏళ్లు బ్యాంకు కౌంటరు వెనుక కూర్చున్న అలవాటు పోక, పదవీ విరమణ తర్వాత అందులో నా రక్తం లెక్కలు రాసుకుంటున్నాను. మొదటి పద్దు 2022 ఆగస్టుది. మొత్తం కొలెస్ట్రాల్ 233, ఎల్‌డీఎల్ (చెడు కొలెస్ట్రాల్) 158, హెచ్‌డీఎల్ (మంచి కొలెస్ట్రాల్) 41, ట్రైగ్లిజరైడ్లు (రక్తంలోని కొవ్వు) 170. మా నాన్నగారికి యాభై ఆరో ఏట గుండెపోటు వచ్చింది. ఆ కాగితం చేతికి అందిన రోజున నా వయసు యాభై తొమ్మిది.

మాత్రలంటే నాకు భయం. ఒకసారి మొదలుపెడితే జన్మంతా మింగాలన్న భయం. అందుకే గాంధీ రోడ్డులో మందుల దుకాణం నడిపే మా మేనల్లుడు "మామయ్యా, ఇది మందు కాదు, మొక్కల నుంచి తీసిందే" అని కొలెస్ట్రాల్ తగ్గించే క్యాప్సూల్స్ సీసా ఒకటి చూపించగానే కొనేశాను. ఇప్పుడు తలచుకుంటే నవ్వొస్తుంది. మందుకు భయపడి మూడేళ్లుగా క్యాప్సూల్స్ మింగుతున్నాను.

వీటిలో ఉండేవి ఫైటోస్టెరాల్స్, అంటే మొక్కల స్టెరాల్స్. సిటోస్టెరాల్, క్యాంపెస్టెరాల్, స్టిగ్మాస్టెరాల్ వీటిలో ముఖ్యమైనవి. జంతు కణాల పొరల్లో కొలెస్ట్రాల్ చేసే పనిని మొక్కల్లో ఇవి చేస్తాయి. రూపంలో రెండూ కవల పిల్లల్లా ఉంటాయి. మనం తిన్న కొలెస్ట్రాల్, పిత్తరసంతో పాటు కాలేయం దించే కొలెస్ట్రాల్ పేగులో సన్నని కొవ్వు బిందువుల్లోకి ఎక్కితేనే ఒంటికి పడతాయి. మొక్కల స్టెరాల్స్ ముందుగా వెళ్లి ఆ చోటు ఆక్రమిస్తాయి. కొండకు వెళ్లే బస్సులో కిటికీలోంచి తువ్వాలు వేసి సీటు పట్టుకోవడం లాంటిదే ఇది. తువ్వాలు వేసినవాడు మాత్రం ఊరు చేరడు. పేగు కణాల్లోకి కాస్త వెళ్లినా, కణం వాటిని గుర్తుపట్టి వెనక్కి తోసేస్తుంది. ఒంటికి పట్టేది నూటికి అయిదు పాళ్లు కూడా ఉండదు. చోటు దొరకని కొలెస్ట్రాల్ మలంతో పాటు బయటికి పోతుంది. ఆ లోటు పూడ్చుకోవడానికి కాలేయం రక్తంలోని ఎల్‌డీఎల్‌ను ఎక్కువగా లాక్కుంటుంది.

ఇదంతా నాకు మొదట్లో తెలియదు. తెలిసి ఉంటే మొదటి మూడు నెలలు వృథా అయ్యేవి కావు.

ఆ మూడు నెలలూ ఉదయం లేవగానే, పరగడుపున, కాఫీకి ముందు రెండు క్యాప్సూల్స్ వేసుకున్నాను. మంచిదేదైనా పరగడుపునే అని మనకు నమ్మకం కదా, మెంతులు కానీ, తులసి కానీ. నవంబరులో పరీక్ష చేయిస్తే ఎల్‌డీఎల్ 156. రెండు పాయింట్లంటే అది ప్రయోగశాల తేడా, అంతే. మేనల్లుడి మీద కోపం వచ్చింది. సీసా పారేద్దామనుకుని, బ్యాంకు బుద్ధితో ముందు దాని మీది చిన్న అక్షరాలు చదివాను. "భోజనంతో" అని ఉంది. ఎందుకో అర్థం కావడానికి పెద్ద చదువు అక్కర్లేదు. ఖాళీ కడుపులో కొవ్వూ లేదు, దాన్ని కరిగించే పిత్తరసమూ సరిగా దిగదు. ఎక్కాల్సిన బస్సే రాలేదు, సీటు ఎక్కడ పట్టుకోవాలి?

అదే సీసా మీద ఇంకో సంగతి బయటపడింది. ఇది నా అజ్ఞానం కాదు, అమ్మేవాళ్ల తెలివి. ముందువైపు పెద్దగా "1000 మి.గ్రా." అని వేశారు. అది స్టెరాల్ ఎస్టర్ల బరువు. అంటే స్టెరాల్‌కు కొవ్వు ఆమ్లాన్ని అతికించిన పదార్థం బరువు. అసలు స్టెరాల్ అందులో సుమారు 600 మిల్లీగ్రాములే. రోజుకు రెండు గ్రాములు తీసుకుంటున్నానని నేను మురిసిపోతుంటే, లోపలికి వెళ్తున్నది 1.2 గ్రాములు. ఎల్‌డీఎల్ కనిపించేంతగా తగ్గడానికి రోజుకు 1.5 నుంచి 2.4 గ్రాముల దాకా కావాలి. అంతమేరకు తీసుకుంటే 7 నుంచి 10 శాతం దాకా తగ్గుతుందని ఐరోపా ఆహార నియంత్రణ సంస్థలు ఒప్పుకున్నాయి. మూడు గ్రాములు దాటాక ఎంత మింగినా అదనంగా కలిసొచ్చేది స్వల్పమే. కొనేవారు ముందువైపు అంకె చూడకుండా, వెనుకవైపు "ఫ్రీ స్టెరాల్" పక్కన ఉన్న అంకె చూడండి. అది అసలు వేయకపోతే ఆ సీసాను అక్కడే ఉంచేయండి.

అప్పటి నుంచి మధ్యాహ్నం అన్నంతో రెండు, రాత్రి ఒకటి. 2023 ఫిబ్రవరిలో ఎల్‌డీఎల్ 143. అంటే మొదటి అంకె మీద తొమ్మిదిన్నర శాతం తగ్గింది. ట్రైగ్లిజరైడ్లు 172, హెచ్‌డీఎల్ 41, రెండూ ఉన్నచోటే ఉన్నాయి. వాటి జోలికి ఇవి పెద్దగా వెళ్లవు.

"అది నడక ఫలితం అయ్యుంటుంది" అన్నారు మా వీధిలో ఒకాయన. అలిపిరి మెట్ల దారిన కొండెక్కడం నాకు పదేళ్లుగా అలవాటు. నెలలో మొదటి శనివారం తెల్లవారుజామున బయలుదేరతాను. 3,550 మెట్లు. గాలిగోపురం దగ్గర ఒకసారి, మోకాళ్ల పర్వతం దగ్గర మరొకసారి కూర్చుంటాను. ఎల్‌డీఎల్ 158 ఉన్న రోజుల్లోనూ ఎక్కాను, 143 ఉన్నప్పుడూ ఎక్కాను. మెట్లు మారలేదు, నేనూ మారలేదు. మారింది క్యాప్సూల్ వేసుకునే వేళ, సంఖ్య.

అయినా నాకు పూర్తి నమ్మకం కలిగింది ఆ ఏడు గంగమ్మ జాతర వల్ల. మే నెలలో ఇల్లంతా బంధువులు. పొంగళ్లు, అంబలి, వచ్చేవాళ్లు, పోయేవాళ్లు. సీసా అయిపోయింది, మళ్లీ తెచ్చుకోలేదు. జాతర అయ్యాక కూడా బద్ధకించాను. జూలైలో పరీక్షిస్తే 157. మళ్లీ మొదలుపెట్టాను, అక్టోబరులో 144. అనుకోకుండా నా మీద నేనే చేసుకున్న ప్రయోగం అది. వేసుకుంటే దిగుతుంది, మానితే ఎక్కుతుంది. పొదుపు ఖాతా కాదిది, నెలనెలా కట్టే అద్దె.

ఇక తిండి సంగతి. క్యాప్సూల్ ఎందుకు, మనం తినేవాటిలోనే స్టెరాల్స్ ఉన్నాయి కదా అని మా ఆవిడ మొదటి రోజే అడిగింది. నిజమే, ఉన్నాయి. చిత్తూరు సీమలో పుట్టినవాళ్లకు వేరుశనగ లేని రోజు ఉండదు. చట్నీలో అదే, ఊరుబిండిలో అదే, తాలింపు నూనె కూడా అదే. కానీ లెక్క వేశాను. వంద గ్రాముల వేరుశనగ గింజల్లో సుమారు 220 మిల్లీగ్రాములు. రెండు గ్రాముల స్టెరాల్ కోసం రోజుకు తొమ్మిది వందల గ్రాముల గింజలు నమలాలి. ఐదు వేల క్యాలరీలు! నువ్వులు అంతకంటే మెరుగు, వంద గ్రాముల్లో 400 నుంచి 700 దాకా ఉంటుంది. అయినా ఇడ్లీ మీద చల్లుకునే చెంచాడు నువ్వుల పొడిలో ఎంతుంటుంది? నూనెల్లో తవుడు నూనె ముందుంటుంది, వంద గ్రాముల్లో వెయ్యి మిల్లీగ్రాములకు పైనే. దాని డబ్బాల మీద గొప్పగా వేసే ఒరైజనాల్ కూడా స్టెరాల్ కుటుంబానిదే. మామూలు భోజనం నుంచి మనిషికి రోజూ అందేది 200 నుంచి 400 మిల్లీగ్రాములు. శాకాహారులకు ఇంకాస్త ఎక్కువ.

తవుడు నూనె పేరెత్తినందుకు ఇంట్లో వారం రోజులు మాటల్లేవు. గానుగ ఆడించిన వేరుశనగ నూనె వాసన లేని పులిహోర పులిహోరే కాదని ఆవిడ తీర్పు. చివరికి వేపుళ్లకు తవుడు నూనె, పులిహోరకూ పచ్చళ్లకూ వేరుశనగ నూనె అని ఒప్పందం కుదిరింది. దానివల్ల నాకు రోజుకు రెండు వందల మిల్లీగ్రాములు కలిసొచ్చి ఉంటాయేమో. ఒప్పందం కుదిరిన సంతోషం అంతకంటే ఎక్కువ.

ఈ పదార్థం కొత్తదేమీ కాదు. 1950లలోనే అమెరికాలో ఎలై లిల్లీ కంపెనీ సిటోస్టెరాల్‌ను సైటెల్లిన్ అనే పేరుతో మందుగా అమ్మింది. అది సరిగా కరిగేది కాదు, అందుకని పెద్ద మోతాదుల్లో మింగాల్సి వచ్చేది. స్టెరాల్స్‌కు దగ్గరి బంధువులైన స్టానాల్స్‌ను ఎస్టర్లుగా మార్చి కొవ్వులో కరిగేలా చేయడం ఫిన్లాండ్‌లో కలిసొచ్చింది. అక్కడ 1995లో అది వెన్నలాంటి మార్గరిన్‌గా దుకాణాలకు వచ్చింది. ఉత్తర కరేలియా ప్రాంతంలో 153 మంది మీద ఏడాది పాటు జరిగిన అధ్యయనంలో ఎల్‌డీఎల్ సుమారు 14 శాతం తగ్గింది. నాకు అంత తగ్గలేదు. వాళ్లు దాన్ని రోజూ రొట్టె మీద రాసుకుని తిన్నారు, నేను పప్పుచారన్నం మధ్యలో మింగాను.

2024 జనవరిలో రక్తపోటు కూడా కాస్త పైకి వచ్చింది. గుండె వైద్యురాలి దగ్గరికి వెళ్లాను. పద్దుల పుస్తకం చూపిస్తే ఓపికగా తిరగేశారు. ఆ తర్వాత ఆవిడ చెప్పింది మాత్రం నాకు రుచించలేదు. "ఇవి ఎల్‌డీఎల్‌ను తగ్గిస్తాయన్నది నిజమేనండీ. కానీ వీటివల్ల గుండెపోట్లు తగ్గాయని చూపిన పెద్ద పరీక్ష ఒక్కటీ లేదు. కొలెస్ట్రాల్ తగ్గించే స్టాటిన్ మాత్రకు అలాంటివి ఎన్నో ఉన్నాయి. మీ నాన్నగారి చరిత్రతో మీరు దీని మీదే ఆధారపడకూడదు." బ్రిటన్‌లో వైద్య సూచనలు రూపొందించే నైస్ సంస్థ 2014 మార్గదర్శకాల్లో గుండె జబ్బుల నివారణకు వీటిని సూచించవద్దనే చెప్పింది. అదే ఏడాది ఐరోపా అథెరోస్క్లెరోసిస్ (రక్తనాళాల్లో కొవ్వు పేరుకునే జబ్బు) సంఘం మాత్రం మందుకు తోడుగా కొందరికి వాడవచ్చంది. వైద్యురాలి మాట రెండింటికీ మధ్యలో ఉంది.

స్టాటిన్ మొదలుపెట్టాను. లెక్క కలగాపులగం కాకూడదని క్యాప్సూల్స్ ఆపేశాను. ఏప్రిల్‌లో ఎల్‌డీఎల్ 97. పద్దు రాస్తుంటే చేయి ఆగింది. ఇన్నాళ్లూ నేను భయపడిన మాత్ర, క్యాప్సూల్స్ లేనప్పటి 157 నుంచి, మూడు నెలల్లో అరవై పాయింట్లు దించింది. నెలకు ఖర్చు 120 రూపాయలు. అంటే పాయింటుకు రెండు రూపాయలు. స్టెరాల్ క్యాప్సూల్స్‌కు నెలకు 1,350 రూపాయలు, దించింది పదిహేను పాయింట్లు. పాయింటుకు తొంభై రూపాయలు. బ్యాంకులో ఇలాంటి పెట్టుబడి ఎవరైనా పెట్టి ఉంటే పిలిచి మాట్లాడేవాడిని.

మరి ఇప్పటికీ ఎందుకు వేసుకుంటున్నారంటారా? స్టాటిన్ మోతాదు రెట్టింపు చేస్తే అదనంగా తగ్గేది ఆరు శాతమే. నాకు తొడ కండరాల నొప్పి కాస్త ఉంది, మోతాదు పెంచుకోవడం ఇష్టం లేదు. స్టాటిన్ కాలేయంలో తయారీని అడ్డుకుంటుంది, స్టెరాల్ పేగులో ప్రవేశాన్ని అడ్డుకుంటుంది. దారులు వేరు కనుక రెండూ కలిసి పనిచేస్తాయి. వైద్యురాలు సరేనన్నాక మళ్లీ మొదలుపెట్టాను. 2024 ఆగస్టులో 88, ఈ ఏడాది పరీక్షలో 89. డబ్బు ఇబ్బంది ఉన్నవారికి మాత్రం నేను దీన్ని చెప్పను. పేగు దగ్గరే కొలెస్ట్రాల్‌ను ఆపే ఎజెటిమైబ్ అనే మందు కూడా ఉంది, దాని గురించి వైద్యులను అడగండి.

ఇబ్బందుల విషయానికొస్తే, మొదటి రెండు వారాలు కడుపుబ్బరం, ఒకటి రెండు జిడ్డు తేన్పులు, అంతే. ఇవి రక్తంలో బీటా కెరోటిన్‌ను కొంత తగ్గిస్తాయి, అందుకే క్యారెట్, మునగాకు, బొప్పాయి పెంచాను. మామిడి కాలంలో నాకు ఎవరూ చెప్పనక్కర్లేదు. గర్భిణులు, పాలిచ్చే తల్లులు, అయిదేళ్లలోపు పిల్లలు వీటికి దూరంగా ఉండాలి. సిటోస్టెరోలెమియా అనే అరుదైన జన్యు లోపం ఉన్నవారు అసలు ముట్టకూడదు. 1974లో ఇద్దరు అక్కచెల్లెళ్లలో మొదట గుర్తించిన జబ్బు అది. వాళ్ల ఒంట్లో మొక్కల స్టెరాల్స్ బయటికి పోకుండా పేరుకుపోతాయి, చిన్న వయసులోనే గుండె నాళాలు పూడుకుపోవచ్చు. కుటుంబంలో అలాంటి చరిత్ర ఉంటే "మొక్కల నుంచి తీసిందే" అన్న మాట నమ్మకండి.

మొన్న మేనల్లుడు ఫోను చేసి, మూడు సీసాలు ఒకేసారి తీసుకుంటే తగ్గింపు ఇస్తున్నారని చెప్పాడు. ఒక్కటే పంపమన్నాను. తొమ్మిదో పరీక్ష నెల రోజుల్లో ఉంది.