నాలుగేళ్లు వాడినాక రాస్తా ఉన్నా: వైర్ హెడ్‌సెట్, యూఎస్‌బీ సౌండ్ కార్డు, గేముల్లో వాయిస్ చాట్ తిప్పలు

ఈ హెడ్‌సెట్ 2021 డిసెంబర్‌లో తిరుపతి గాంధీ రోడ్డు దగ్గర ఒక షాపులో 1,800 పెట్టి కొన్నా, దానికి తగిలించే యూఎస్‌బీ సౌండ్ కార్డు కొన్నాళ్ల తర్వాత ఇంకో 350. సౌండ్ కార్డంటే పెద్ద వస్తువేం కాదు, పెన్‌డ్రైవ్ అంతే ఉంటుంది, ఒక పక్క యూఎస్‌బీ పిన్ను, ఇంకో పక్క హెడ్‌ఫోన్‌కు పచ్చ రంధ్రం, మైక్‌కు పింకు రంధ్రం. నాలుగేళ్లు దాటింది, దాదాపు రోజూ రాత్రి తొమ్మిదిన్నర నుంచి పన్నెండు దాకా దీంతోనే వాలొరాంట్ అనే షూటింగ్ గేమ్ ఆడతా ఉన్నాం. మేం ఐదుగురం. నేను కొర్లగుంట, మా బావ చిత్తూరు, ఒకడు రేణిగుంట, ఇద్దరు ఉద్యోగాలకని బెంగళూరు పోయినోళ్లు. చిన్నప్పట్నుంచి కలిసి తిరిగినోళ్లం ఇప్పుడు కలిసేది ఆ రెండున్నర గంటలే, గేమ్ ఓడిపోయినా బాధ లేదు గానీ మాట వినపడకపోతే మాత్రం నాకు మనసు బాగుండదు, అందుకే దీని మీద ఇంత టైం పెట్టినా, పెట్టినందుకు తెలిసినవి కూడా రాస్తా ఉన్నా.

ముఖ్యంగా ఒకటి చెప్పాల. వాయిస్ రావట్లేదనగానే మైక్ పోయిందని కొత్తది కొనేయొద్దు. మన నోట్లోంచి మాట అవతలోడి చెవికి చేరేలోపల మైక్, జాక్, విండోస్, యాప్, వైఫై, నెట్ అని ఇన్ని గడపలు దాటాల. ఏ గడప దగ్గర ఆగిందో కనుక్కోకుండా డబ్బు పెడితే ఆ డబ్బు పోతుంది, సమస్య మాత్రం యాడికీ పోదు. నేను అట్లా రెండు సార్లు పోగొట్టుకున్నా.

మొదటిది బ్లూటూత్ ఇయర్‌బడ్స్. 2021 జులైలో బీజీఎంఐ గేమ్ వచ్చినప్పుడు ఫోన్‌లో ఆడేదానికని కొన్నా, పాటలకు బ్రహ్మాండంగా ఉన్నాయి, గేమ్‌లో మైక్ ఆన్ చేసిన మరుక్షణం అడుగుల చప్పుడు, బుల్లెట్ల చప్పుడు అన్నీ పాత ల్యాండ్‌లైన్‌లో విన్నట్టు అయిపోయేవి, ఎడమ ఏదో కుడి ఏదో తెలిసేది కాదు. పీసీకి తగిలించినా అదే కత. ఇది ఆ ఇయర్‌బడ్స్ తప్పు కాదని తర్వాత తెలిసింది. మామూలు బ్లూటూత్‌లో పాటలకు ఒక దారి, ఫోన్ కాల్‌కు ఇంకో దారి ఉంటాయి, మంచి స్టీరియో వచ్చే మొదటి దారిలో మైక్ పనిచేయదు, మైక్ ఆన్ కాగానే రెండో దారికి మారిపోతుంది, దాంట్లో సౌండ్ మోనోలో (రెండు చెవులకూ ఒకటే సౌండ్) 8 కిలోహెర్ట్జ్ లేదా 16 కిలోహెర్ట్జ్ శాంప్లింగ్‌తోనే వస్తుంది. కొత్తగా వస్తా ఉన్న ఎల్‌ఈ ఆడియో అనే బ్లూటూత్ రకంలో ఈ బాధ తగ్గుతుంది కానీ ఇయర్‌బడ్స్‌లోనూ, వాటిని తగిలించే ఫోన్ లేదా పీసీలోనూ, రెండు పక్కలా దానికి సపోర్ట్ ఉండాల. ఇప్పుడు ఎవరైనా బ్లూటూత్‌తోనే ఆడాల అంటే నేను చెప్పేది ఒకటే, విండోస్‌లో మైక్‌ను వేరేదానికి పెట్టుకో, ల్యాప్‌టాప్ మైక్ అయినా పర్లేదు, ఇయర్‌బడ్స్‌ను వినేదానికి మాత్రం వాడు. సౌండ్ వెంటనే బాగవుతుంది.

సరే, అవి తమ్ముడికిచ్చేసి ఈ వైర్ హెడ్‌సెట్ తెచ్చినా. దీనికి ఒకటే జాక్, మూడు నల్ల గీతలుండే రకం, ఫోన్‌కు నేరుగా పెట్టుకోవచ్చు. నాది అసెంబుల్డ్ పీసీ, క్యాబినెట్ ముందర మైక్‌కు ఒకటి హెడ్‌ఫోన్‌కు ఒకటి వేరే వేరే రంధ్రాలు, ఒకటే జాక్ ఉన్న హెడ్‌సెట్‌ను పచ్చదాంట్లో గుచ్చితే సౌండ్ వస్తుంది, మైక్ రాదు. రెండుగా చీలే చిన్న వైరు ఒకటుంటుంది, స్ప్లిటర్ అంటారు, అది కావాల. ఇది తెలీక మైక్ పోయిందని షాపుకు తిరిగిచ్చేసేవాళ్లు నిండా మంది ఉంటారు, నేను కూడా బండి తీసి సగం దూరం పోయి, బాక్స్ అడుగున ఆ వైరు కనపడితే వెనక్కి వచ్చినా.

దాని తర్వాత వచ్చిందే అసలు పరీక్ష. మొదటి రాత్రే బెంగళూరోడు "మచ్చా, నీ వెనకాల ఏం రా అది, మిక్సీ వేసినట్టుంది" అన్నాడు. నాకేం వినపడట్లేదు. మేం మాట్లాడుకునే వాయిస్ యాప్ డిస్కార్డ్‌లో మైక్ టెస్ట్ అని ఉంటుంది, మన మాట మనకే వినిపిస్తుంది, అది ఆన్ చేసి గమ్మున కూర్చున్నా. సన్నగా సర్ర్ అని. మౌస్ కదిపితే ఆ సర్ర్ కొంచెం పైకి లేస్తుంది, ఆపితే దిగుతుంది, గేమ్ ఓపెన్ చేసి గ్రాఫిక్స్ కార్డు మీద లోడ్ పడితే కూతలాగా మారుతుంది. దాంతోపాటు కింద ఇంకో మోత, ఊఁ అని ఆగకుండా. క్యాబినెట్ ఇనుము మీద చేతి వెనక పక్క పెడితే సన్నగా చీమలు పాకినట్టు జివ్వుమంటా ఉంది. అప్పుడర్థమైంది ఇవి రెండు వేరే వేరే జబ్బులని. మౌస్‌తోపాటు మారేది క్యాబినెట్ లోపల ముందర జాక్‌కు పోయే వైరు, మిగతా వైర్ల పక్క నుంచి పోతా వాటి గోలంతా పట్టుకోవడం వల్ల. ఆగకుండా వచ్చే ఊఁ మాత్రం ఎర్తింగ్ లేకపోవడం వల్ల. మాది పాత ఇల్లు, బోర్డులో మూడో రంధ్రం ఉంది గానీ దాని వెనకాల వైరే లేదు.

మొదటిదానికి ఆ 350 రూపాయల యూఎస్‌బీ సౌండ్ కార్డు సరిపోయింది. మైక్ మాట అక్కడే, పీసీ బయటే డిజిటల్‌గా మారిపోతుంది కాబట్టి లోపలి గోల దానికి తగలదు. పెట్టిన నిమిషానికి సర్ర్ పోయింది. రెండోదానికి ఎలక్ట్రీషియన్‌ను పిలిచి ఇంటి వెనకాల గుంత తవ్విచ్చి, ఉప్పు, బొగ్గులు వేసి ఎర్తింగ్ చేయించినాం, నాన్న ముందు గొణిగినాడు గానీ ఫ్రిజ్ తగిలితే షాక్ కొట్టేది కూడా అప్పుడే పోయిందని ఇప్పుడు ఆయనే అందరికీ చెప్తా ఉంటాడు. మన ఎండలకు మే నెలలో ఆ గుంత ఎండిపోతుంది, నాలుగు బిందెల నీళ్లు పోయాల, లేకపోతే ఊఁ మళ్లీ మొదలవుతుంది. ఇది నేను రెండు వేసవులు చూసి చెప్తా ఉన్నా. ల్యాప్‌టాప్ వాళ్లకు ఇంత అవసరం లేదు, ఛార్జర్ పీకి చూడండి, మోత ఆగిపోతే ఎర్తింగే.

ఎకో గురించి. ఒక వారం రోజులు నా మాట నాకే అర సెకన్ తర్వాత తిరిగొచ్చేది. నా హెడ్‌సెటే అనుకుని సెట్టింగులన్నీ తిప్పినా. దీనికి ఒక లెక్కుంది, ఎవరికి తన మాట తిరిగి వినపడతా ఉందో తప్పు వాళ్లది కాదు, అవతల ఎవరి స్పీకర్ లోంచో మన మాట బయటికి వచ్చి వాళ్ల మైక్‌లో దూరుతా ఉందని అర్థం. గ్రూప్‌లో ఒక్కరికి మాత్రం తన మాట తిరిగి రాదు, వాళ్ల దగ్గరే చూడాల. అడిగితే నలుగురం వస్తా ఉందన్నాం, బావ ఒక్కడే "నాకేం రావట్లేదు రా అబ్బయ్యా, బాగుందే" అన్నాడు. "బావా, నీది హెడ్‌ఫోనా స్పీకరా?" అంటే పిల్లోడు నిద్రపోతా ఉన్నాడు, లేస్తే వినపడాల కదా అని స్పీకర్‌లో సన్నగా పెట్టుకున్నాడంట. ఒక చెవికి మాత్రం హెడ్‌ఫోన్ పెట్టుకోమన్నాం, అయిపోయింది.

విండోస్ సంగతి తొందరగా చెప్పేస్తా. అప్‌డేట్ పడిన మరుసటి రోజు మైక్ మూగబోతే ముందు ప్రైవసీ సెట్టింగుల్లో మైక్రోఫోన్ కిందికి పోండి, డెస్క్‌టాప్ యాప్‌లకు అనుమతి అని వేరే స్విచ్ ఉంటుంది, అది ఆఫ్ అయి ఉంటే స్టోర్ యాప్‌లకు మైక్ వస్తుంది, గేమ్‌కు రాదు. రెండోది, సౌండ్ సెట్టింగుల్లో మామూలు డిఫాల్ట్ వేరే, కమ్యూనికేషన్ డిఫాల్ట్ వేరే, రెండూ ఒకే పరికరానికి పెట్టుకోండి. ఎవరైనా మాట్లాడగానే గేమ్ సౌండ్ పడిపోతా ఉంటే కంట్రోల్ ప్యానెల్ సౌండ్‌లో కమ్యూనికేషన్స్ అనే ట్యాబ్‌లో మిగతా సౌండ్లను 80 శాతం తగ్గించమని ముందే టిక్ పెట్టి ఉంటుంది, దాన్ని తీసి ఏమీ చేయొద్దు అన్నదానికి పెట్టండి.

గేమ్‌లోపల వాయిస్ కంటే మేం డిస్కార్డ్‌లోనే మాట్లాడుకుంటాం. 2015 నుంచి ఉన్న యాప్ అది, ఓపస్ కోడెక్ (మాటను చిన్నదిగా కుదించే పద్ధతి) వాడతారు, తక్కువ డేటాలోనే మాట శుభ్రంగా వస్తుంది. గేమ్‌లో టీమ్ వాయిస్ మ్యాచ్ అయిపోగానే తెగిపోతుంది, దీంట్లో తెగదు, మాకు అదే ముఖ్యం. తెలీని వాళ్లతో ఆడేటప్పుడు మాత్రం గేమ్ వాయిసే వాడతా, వీ కీ నొక్కి. అప్పుడు డిస్కార్డ్‌లో కూడా మైక్ ఓపెన్ ఉంటే మనోళ్లకు ఒకే మాట రెండు సార్లు వినపడతాది, ఒకటి మ్యూట్ చేయడం మర్చిపోవద్దు. ఇంకొకటి, పుష్ టు టాక్ (కీ నొక్కినంతసేపే మైక్ తెరుచుకునే పద్ధతి) బయట పనిచేసి గేమ్ లోపలికి పోగానే పనిచేయకపోతే గేమ్ అడ్మినిస్ట్రేటర్‌గా నడస్తా ఉందేమో చూడండి, అట్లాంటప్పుడు మనం నొక్కే కీ మామూలుగా నడిచే యాప్‌కు విండోస్ చేరనీదు, డిస్కార్డ్‌ను కూడా అడ్మిన్‌గా తెరవాల.

నాయిస్ సప్రెషన్, అంటే వెనకాల గోలను తీసేసే సెట్టింగు, దాని మీద జనానికి నమ్మకం ఎక్కువ. ఫ్యాను, కీబోర్డు, బయట బండ్ల హారన్లు, వీటికి బాగా పనిచేస్తుంది, నేను నాలుగేళ్లుగా ఆన్‌లోనే పెట్టినా. కానీ మే నెలలో గంగ జాతర వారం రోజులు మా పక్క మైక్‌సెట్లు మోగతా ఉంటే అది చేతులెత్తేసింది. డప్పులు చాలావరకు పోయినాయి గానీ పాట పోలేదు, ఎందుకంటే అది పనిచేసేదే మనిషి గొంతును ఉంచి మిగతాది తీసేయడం మీద, మైక్‌సెట్లో పాడేది కూడా మనిషే. అప్పుడు పుష్ టు టాక్ తప్ప దారి లేదు. సప్రెషన్, సెన్సిటివిటీ (ఎంత గట్టిగా మాట్లాడితే మైక్ తెరుచుకోవాలో చెప్పే గీత) రెండూ గట్టిగా పెడితే మెల్లగా మాట్లాడే వాళ్ల మాట మొదట్లో చివర్లో తెగుతుంది, "ఎడమ" అంటే "డమ" అని పోతుంది. ఆటోమేటిక్ తీసేసి గీతను చేత్తో కిందికి జరుపుకోవడం మేలు.

ఇవన్నీ బాగుండి కూడా మాట ముక్కలు ముక్కలుగా పోతా ఉంటే నెట్. ఇక్కడే నా రెండో డబ్బు పోయింది, సౌండ్ కార్డు పాడైందని ఇంకోటి కొన్నా, దానికీ అంతే. రాత్రి పదింటికి మొదలై పదిన్నరకు ఆగేది. డిస్కార్డ్‌లో కింద వాయిస్ కనెక్టెడ్ అన్న చోట నొక్కితే పింగ్ (పోయి రావడానికి పట్టే మిల్లీసెకన్లు), ప్యాకెట్ లాస్ (దారిలో పోయిన డేటా ముక్కలు) కనపడతాయి, పింగ్ 40 ఉండేది ఆ అరగంట 600 దాటేది. వాయిస్‌కు ఒక పక్క ఆలస్యం 150 మిల్లీసెకన్ల లోపల ఉంటే మంచిదని ఐక్యరాజ్యసమితి టెలికాం సంస్థ ఐటీయూ వాళ్ల సిఫార్సు, దాంతో పోలిస్తే ఇది ఎంతో చూడండి. కారణం ఏందంటే అమ్మ ఫోన్ పదింటికి ఛార్జింగ్ పెట్టగానే ఆ రోజు ఫోటోలు, వీడియోలు బ్యాకప్‌కు ఎక్కేవి. మాకు డౌన్‌లోడ్ ఎక్కువ, అప్‌లోడ్ తక్కువ ఉండే ప్లాన్, అప్‌లోడ్ నిండిపోతే రూటర్‌లో ప్యాకెట్లు క్యూ కడతాయి, మాట దాన్ని ఓర్చుకోదు. బ్యాకప్‌ను తెల్లారుజామున పెట్టినా, రూటర్ నుంచి గది దాకా 15 మీటర్ల ల్యాన్ కేబుల్ లాగినా. ఈ నాలుగేళ్లలో పెట్టిన ఖర్చులో ఆ కేబుల్ అంత పని చేసింది ఇంకోటి లేదు. కేబుల్ లాగలేకపోతే కనీసం 2.4 గిగాహెర్ట్జ్ వదిలి 5 గిగాహెర్ట్జ్ వైఫైకి మారండి, 2.4లో పక్కింటోళ్ల రూటర్లు, బ్లూటూత్, మైక్రోవేవ్ అన్నీ కొట్లాడుకుంటా ఉంటాయి.

రేణిగుంటోడి బాధ వేరే. వాడికి ప్లేస్టేషన్ 4 కూడా ఉంది, దాని పార్టీ చాట్‌లో ఒకరి మాట వినపడతాది ఇంకొకరిది వినపడదు. టెస్ట్ చేస్తే నాట్ టైప్ 3 అని వచ్చింది, అంటే బయటోళ్లు నేరుగా కలవలేనంత గట్టిగా రూటర్ తలుపు మూసుకుందని. నెట్ వాళ్లిచ్చిన బాక్స్ ఒక రూటర్, దాని వెనక వీడు పెట్టుకున్నది ఇంకో రూటర్, రెండు తలుపులకు రెండు తాళాలు. తన రూటర్‌ను యాక్సెస్ పాయింట్ మోడ్‌లో (వైఫై మాత్రం ఇచ్చేటట్టు) పెట్టి, మెయిన్ బాక్స్‌లో యూపీఎన్‌పీ (కావాల్సిన దారిని రూటర్ తనంతట తానే తెరిచే సెట్టింగు) ఆన్ చేస్తే టైప్ 2కు వచ్చింది. రూటర్ పేజీలో వ్యాన్ ఐపీ (నెట్ కంపెనీ మన రూటర్‌కిచ్చే అడ్రసు) 100.64 నుంచి 100.127 మధ్య మొదలైతే మాత్రం నెట్ కంపెనీ వాళ్లే వందల మందికి ఒకే పబ్లిక్ ఐపీ పంచుతా ఉన్నారని అర్థం, మన ఇంట్లో ఏం తిప్పినా లాభం లేదు, వాళ్లనే పబ్లిక్ ఐపీ అడగాల.

ఇప్పుడు హెడ్‌సెట్ పరిస్థితి. చెవి మెత్తలు రెండేళ్లకు పొరలు పొరలుగా ఊడినాయి, చెమటకు తప్పదు, 200 పెట్టి గుడ్డవి వేసినా, అవే బాగున్నాయి. మైక్ స్పాంజి చిరిగిపోతే కొత్తది తొడిగినా, స్పాంజి లేకుండా ప, బ అంటే అవతల ఊదినట్టు పోతుంది, మైక్ నోటికి ఎదురుగా కాకుండా పెదవి మూలకు రెండు వేళ్ల దూరంలో పెట్టుకోవాల. జాక్ దగ్గర వైరు మూడో ఏడు లూజ్ అయింది, తిప్పితే ఒక చెవి పోయేది, శ్రీనివాసం కాంప్లెక్స్ పక్కనుండే సెల్ రిపేర్ అన్న 100 తీసుకుని కొత్త జాక్ సోల్డర్ చేసిచ్చినాడు. వైర్‌లెస్ దాన్ని అట్లా చేయించుకోలేం. తల సన్నగా ఉండేవాళ్లకు కొంచెం వదులు, పాటలకైతే బేస్ ఎక్కువ, పాటలకని కొనేవాళ్లకు నేను చెప్పను. మాటకు మాత్రం నాలుగేళ్లలో నన్ను విడిచిపెట్టలేదు.

పోయిన నెల చిత్తూరు పోయినప్పుడు బావకు కూడా ఇదే సెట్ పట్టుకుపోయి ఇచ్చినా, స్ప్లిటర్ బాక్స్ అడుగున ఉంటుంది పారేయొద్దని మరీ మరీ చెప్పి. ఆ రాత్రే మొదటిసారి ఆయన వెనకాల పిల్లోడు నిద్రలో దగ్గింది కూడా మా నలుగురికీ స్పష్టంగా వినపడింది, బావకంటే ముందు నేనే చెప్పినా, "బావా, అబ్బోడు లేచినట్టుండాడు, పోయి చూసి రా" అని.