ఫైనల్ డ్రాఫ్ట్: పేజీలు లాక్ అయ్యాక తెలిసే విలువ

స్క్రీన్‌ప్లే రాయడానికి ప్రత్యేకంగా ఒక సాఫ్ట్‌వేర్ ఎందుకని అడిగితే, ట్యాబ్, ఎంటర్ మీటలతోనే సీన్ హెడింగ్ నుంచి వర్ణనకూ, పాత్ర పేరు నుంచి సంభాషణకూ మారిపోవచ్చని చెప్పి ఊరుకుంటారు చాలామంది. ఫైనల్ డ్రాఫ్ట్ అనే స్క్రీన్‌ప్లే సాఫ్ట్‌వేర్‌లో ఆ సౌకర్యం నిజంగానే హాయిగా ఉంటుంది. అంతమాత్రానికే అయితే డబ్బు పెట్టి కొనవలసిన పని లేదు; ఉచితంగా దొరికే ప్రోగ్రాములూ ఆ పని చేస్తాయి. సినిమాకూ టెలివిజన్‌కూ మార్చి మార్చి రాసే రచయితకు దీని అసలు విలువ, స్క్రిప్టు పూర్తయిందనుకున్న తర్వాతే తెలుస్తుంది.

షూటింగ్‌కు సిద్ధమయ్యే దశలో పేజీలను లాక్ చేస్తారు, అంటే పేజీల, సీన్ల నంబర్లు ఇక మారకుండా కట్టేస్తారు. లొకేషన్లు, దుస్తులు, నటుల తేదీలు అన్నీ సీన్ నంబర్లను బట్టే నిర్ణయమవుతాయి కనుక, ఆ తర్వాత కొత్తగా ఒక సీన్ చేర్చినా పాత నంబర్లు కదలకూడదు. 45వ పేజీలో పట్టని భాగాన్ని ఈ సాఫ్ట్‌వేర్ 45ఎ పేజీకి పంపుతుంది. తీసేసిన సీన్ నంబరును అలాగే నిలిపి ఉంచుతుంది. మార్చిన పంక్తి పక్కన మార్జిన్‌లో నక్షత్రం గుర్తు వేస్తుంది. తెలుపు తర్వాత నీలం, గులాబీ, పసుపు, ఆకుపచ్చ అంటూ సాగే రివిజన్ రంగులనూ (ఒక్కో విడత మార్పులకు ఒక్కో రంగు కాగితం) తానే చూసుకుంటుంది. ఒక ఎపిసోడ్ చిత్రీకరణ జరుగుతూండగానే తర్వాతిది దిద్దవలసి వచ్చే టెలివిజన్‌లో, ఈ లెక్కంతా చేత్తో చూసుకుంటే సంభాషణల మీద పెట్టడానికి ధ్యాస మిగలదు.

రెండు మాధ్యమాల మధ్య తేడా పేజీ మీదే కనబడుతుంది. 12 పాయింట్ల కొరియర్ అక్షరాల్లో ఒక పేజీ అంటే తెర మీద సుమారు ఒక నిమిషం అన్నది సినిమా వాళ్ల కొలత. గంట నిడివి టీవీ డ్రామాకు టీజర్ (మొదట్లో వచ్చే చిన్న ఘట్టం), యాక్టుల (అంకాల) విభజన తోడవుతుంది. ఒకేసారి పలు కెమెరాలతో తీసే హాస్య ధారావాహికలో, అంటే మల్టీ కెమెరా సిట్‌కామ్‌లోనైతే వర్ణన క్యాపిటల్ అక్షరాల్లో, సంభాషణ పంక్తికీ పంక్తికీ ఎడంతో ఉంటుంది కాబట్టి పై కొలత అక్కడ చెల్లదు. ఇందులోని టెంప్లేట్లు ఈ తేడాలన్నీ ముందే అమర్చి ఇస్తాయి. (పేజీ ఇంత ముచ్చటగా కనబడేసరికి రాసింది కూడా బాగున్నట్టు అనిపిస్తుంది, ఆ భ్రమకు బాధ్యత సాఫ్ట్‌వేర్‌ది కాదు.)

కథలోని ఘట్టాలను తెర మీద కార్డులుగా అమర్చుకునే బీట్ బోర్డు గురించి చెప్పడానికి నా దగ్గర పెద్దగా ఏమీ లేదు. కార్డులను గోడకు అంటించుకుని కథ అల్లుకోవడమే నాకు అలవాటు.

2009లో వచ్చిన 8వ వెర్షన్‌తో మొదలైన ఎఫ్‌డీఎక్స్ ఫైలు (స్క్రిప్టును ఈ సాఫ్ట్‌వేర్ భద్రపరిచే రూపం) మాత్రం నిజమైన ఉపకారం. అది వేర్వేరు ప్రోగ్రాములు చదవగల ఎక్స్ఎమ్ఎల్ అనే పద్ధతి ఆధారంగా తయారైంది కనుక షెడ్యూలింగ్ ప్రోగ్రాములూ దాన్ని చదవగలవు. సీన్ల జాబితాను ఎవరూ మళ్లీ టైపు చేయనక్కర లేదు.