బుడాపెస్ట్‌లో ప్రొడక్షన్ డిజైనర్: హంగేరియన్ సినిమానా, విదేశీ నిర్మాణమా?

సినిమా సెట్ల రూపురేఖలను నిర్ణయించేవారే ప్రొడక్షన్ డిజైనర్. బుడాపెస్ట్‌లో వారి ముందున్న రెండు దారులను పోల్చి చూద్దాం.

డబ్బు: విదేశీ నిర్మాణాలదే పైచేయి. అక్కడ పెట్టిన ఖర్చులో 30 శాతం వెనక్కిచ్చే రాయితీ వాటిని హంగేరీకి రప్పిస్తోంది. స్థానిక సినిమాకు ప్రభుత్వ నిధే పెద్ద దిక్కు, మంజూరయ్యేదాకా ఎదురుచూపులే.

హోదా: విదేశీ చిత్రానికి ప్రధాన డిజైనర్ తరచూ బయటినుంచే వస్తారు. స్థానికులకు ఆర్ట్ డైరెక్షన్ (ఆ డిజైన్‌ను సెట్‌గా కట్టించే పని), సెట్ అలంకరణ మిగులుతాయి. అదేమీ తక్కువ పని కాదు: హంగేరీలో తీసిన విదేశీ చిత్రం ‘పూర్ థింగ్స్’కు సెట్ అలంకరణ చేసిన జూజా మిహాలెక్ 2024లో దాని డిజైనర్లతో ఆస్కార్ పంచుకున్నారు.

సొంత ముద్ర: ఇక్కడ స్థానిక సినిమాకు సాటి లేదు. నాజీ మరణ శిబిరంలో సాగే హంగేరియన్ చిత్రం ‘సన్ ఆఫ్ సాల్’ (2015)కు ఆర్కిటెక్ట్ లాస్లో రాయ్క్ సెట్లు రూపొందిస్తే, కెమెరా హీరో వెన్నంటే తిరుగుతూ వాటిని మసకగానే చూపింది. అయినా ఆ ఇరుకు ఊపిరాడనివ్వదు.

పెద్ద సెట్ల నిర్వహణ ఒంటబట్టాలంటే బుడాపెస్ట్ దగ్గర ఎట్యెక్‌లో విదేశీ చిత్రాలు తీసే కోర్డా స్టూడియో వైపు వెళ్లాలి. మొదటి గీత తామే గీయాలనుకునేవారికి స్థానిక సినిమాయే తగినది.