పైన్ అడవి అన్నారు, మోడులు చూపించారు

తూర్పు టెక్సాస్‌లో అద్దెకి తీసుకున్న కేబిన్‌కి రాత్రికి 119 డాలర్లు. క్లీనింగ్ ఫీజు 95. సర్వీస్ ఫీజు 31. పన్ను 13. మొత్తం 258 డాలర్లు వదిలాయి, అదీ ఒక్క రాత్రికి. ఇంత పోసి కిటికీలోంచి మేం చూసిందేమిటంటే నలభై ఎకరాల మోడులు.

అసలు ఈ ప్రయాణం మా మావయ్య గారి కోసం పెట్టుకున్నది. ఆయనది కందుకూరు దగ్గర పల్లెటూరు. పొగాకు మానేసి చాలా ఏళ్లుగా జామాయిల్, సుబాబుల్ వేసి పేపర్ మిల్లుకి తోలుతున్నారు. హ్యూస్టన్‌లో మా ఇంటికొచ్చాక గుళ్లూ, మాల్సూ, నాసా అన్నీ చుట్టేశాం. ఆయన చూపు మాత్రం ఎప్పుడూ పెరట్లోని పొడుగాటి చెట్టు మీదే. "అల్లుడు గారూ, ఇది టన్ను ఎంత పలుకుద్ది?" అని రోజుకోసారి అడిగేవారు. అది లాబ్లాలీ పైన్. న్యూజెర్సీ దక్షిణ కొస నుంచి ఫ్లోరిడా మధ్య దాకా, పడమటి వైపు మన తూర్పు టెక్సాస్ దాకా ఎక్కడ చూసినా ఇదే. అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో కలప కోసం, కాగితం గుజ్జు కోసం అన్నిటికన్నా ఎక్కువగా పెంచే చెట్టు కూడా ఇదే. సరే, తోటలుగా పెంచేచోటికే తీసుకెళ్దాం అని ఫిబ్రవరి చివర్లో లాంగ్ వీకెండ్ చూసుకుని బయల్దేరాం. మావయ్య గారు, నేను, శ్రీమతి, మా తొమ్మిదేళ్ల పుత్రరత్నం.

కన్రో దగ్గర జోన్స్ స్టేట్ ఫారెస్ట్‌లో ఓ గంట నడిచాం. బాగుంది. అరుదైన ఒక వడ్రంగిపిట్ట అక్కడ ముసలి పైన్ చెట్లకి తొర్ర చేసుకుని ఉంటుంది. బతికున్న చెట్టే కావాలి దానికి, అదీ అరవై డెబ్భై ఏళ్లు దాటినది. మాకు పిట్ట కనపడలేదు, తొర్ర కింద కారిన తెల్లటి బంక మాత్రం కనపడింది. పాములు ఎక్కిరాకుండా ఆ పిట్టే తొర్ర చుట్టూ బెరడు పొడిచి బంక కారేలా చేస్తుంది. "పేపర్ మిల్లుకి అరవై ఏళ్లు ఎవడాపుతాడు?" అన్నారు మావయ్య గారు. పిట్ట కష్టం మొత్తం ఆ ఒక్క ప్రశ్నలో ఉంది.

హంట్స్‌విల్ మీదుగా క్రాకెట్ చేరేసరికి సాయంత్రం. ఇక బస సంగతి.

యాప్‌లో ఉన్న ఫొటోల్లో వరండా ముందు వంద అడుగుల పైన్ చెట్లు, మధ్యలో ఎండ చారలు, ఒక ఊయల. "అడవి ఒడిలో కేబిన్" అని రాశారు. బుక్ చేసేముందు శాటిలైట్ మ్యాప్ కూడా చూశాను, చుట్టూ పచ్చగానే ఉంది. ఆ మ్యాప్ ఏ సంవత్సరందో ఎవరికెరుక! తీరా వెళ్తే ఊయల ఉంది, వరండా ఉంది, చెట్లు లేవు. ఎర్రమట్టిలో ట్రాక్టరు చక్రాల గాడులు, అడ్డదిడ్డంగా పడేసిన కొమ్మలు, కనుచూపు మేరా మోడులు. శ్రీమతి కారు దిగలేదు. "ఏవండీ, అడ్రస్ సరిగ్గా చూశారా?" అని రెండుసార్లు అడిగింది. అడ్రస్ సరైనదే.

ఓనరుకి మెసేజ్ పెట్టాను. గంటన్నరకి జవాబు: చెట్లు ఆయనవి కావట, పక్క భూమి కలప కంపెనీదట, వాళ్లు నవంబరులో కోసుకుపోయారట. "కంగారు పడకండి, మళ్లీ పెరుగుతాయి" అని నవ్వు బొమ్మ ఒకటి! నవంబరులో కోస్తే ఫిబ్రవరి దాకా పాత ఫొటోలు ఎందుకుంచావయ్యా అంటే జవాబు లేదు. చివరికి 20 డాలర్లు వెనక్కిస్తానన్నాడు. పైగా 95 డాలర్ల క్లీనింగ్ ఫీజు తీసుకుని, ఫ్రిజ్ మీద ఒక కాగితం అంటించాడు: వెళ్లేముందు దుప్పట్లు తీసి వాషర్‌లో వేయాలి, గిన్నెలు తోమాలి, చెత్త రోడ్డు చివర డబ్బాలో పడేయాలి. ఇంకా క్లీనింగ్‌కి మిగిలిందేమిటో? తెల్లవారుజామున నాలుగున్నరకి దుంగల లారీలు మొదలయ్యాయి. వాటి బ్రేకుల మోతకి పిల్లాడు ఉలిక్కిపడి లేచాడు. వైఫై కూడా లేదని తెలిశాక వాడి ముఖం చూడాలి!

ఇంత జరిగినా సంతోషంగా ఉన్న మనిషి ఒకాయన ఉన్నారు. పొద్దున్నే చూస్తే మావయ్య గారు లుంగీ మీద నా జాకెట్ తొడుక్కుని మోడుల మధ్య గొంతుక్కూర్చుని ఉన్నారు. చేతిలో బాల్ పెన్ను. ఒక మోడు మీద వలయాలు లెక్కపెడుతున్నారు, ప్రతి అయిదో వలయానికీ ఒక చుక్క. ఇరవై ఏడు వచ్చాయి. నన్ను పక్కన కూర్చోబెట్టి చూపించారు. నడిమధ్య వలయాలు వేలెడు వెడల్పున్నాయి, తర్వాత బిగుసుకుపోయి సన్నబడ్డాయి, మళ్లీ ఒక్కసారిగా వెడల్పయ్యాయి. "ఇదిగో, ఈడ పక్క చెట్లు తీసేశారు. గాలీ వెలుతురూ వచ్చింది" అన్నారు. నిజమే, ఇక్కడ పదిహేనేళ్ల ప్రాంతంలో తోట పలచన చేస్తారు. తీసిన సన్నవి గుజ్జుకి పోతాయి, మిగిలినవి లావెక్కాక పాతికేళ్లకో ముప్ఫై ఏళ్లకో కోసి రంపం మిల్లుకి పంపుతారు. ఆ మోడు అంచున బంక ఇంకా తడిగానే ఉంది, పెన్ను దానికి అతుక్కుపోయింది.

"మరి చిగురేదీ?" అన్నారు. జామాయిల్ నాలుగేళ్లకి నరికితే మోడు నుంచే మళ్లీ లేస్తుంది, రెండో కోత, మూడో కోత వస్తుంది. పైన్ అలా కాదు. ఎదిగిన చెట్టుని నరికితే అక్కడితో సరి, మళ్లీ కొత్త మొక్క పెట్టాల్సిందే. పాతికేళ్లు ఆగి, మళ్లీ మొదటి నుంచి నారు కొనాలంటే ఆయనకి మింగుడు పడలేదు. "ఇది రైతు పంట కాదు, తాత నాటితే మనవడు అమ్ముకునేది" అని తేల్చేశారు.

రోడ్డుకి అవతల పొలంలో నాటేవాళ్లు దిగారు. అది అంతకుముందు ఏడాది కోసిన భూమి. తెల్ల వ్యాన్, పదిమంది దాకా కుర్రాళ్లు, అందరూ స్పానిష్ మాట్లాడుతున్నారు. నడుముకి సంచి, సంచిలో ఏడాది వయసు నారు, మట్టి లేకుండా ఒట్టి వేళ్లతో. చేతిలో కింద పలుచని ఇనప రేకున్న గడ్డపార. పొడవడం, వెనక్కి వంచడం, మొక్క దింపడం, మళ్లీ పక్కన పొడిచి మట్టి దగ్గరకి నెట్టడం, మడమతో తొక్కడం. అయిదారు సెకన్లు, మళ్లీ మూడు అంగలు. మేస్త్రీకి కాస్త తీరిక దొరికినట్టుంది, మావయ్య గారి ప్రశ్నలకి నా ద్వారా ఓపిగ్గా జవాబు చెప్పాడు. వరసల మధ్య పది అడుగులు, వరసలో ఎనిమిది. అంటే ఎకరానికి 544 మొక్కలు. చలికాలంలో మొక్క నిద్రలో ఉన్నప్పుడే నాటాలి. గోతిలో వేరు పైకి మడత పడకూడదు. పొగాకు నారుకీ అదే సూత్రమని మావయ్య గారు తలూపారు. కోసిన వెంటనే ఎందుకు నాటరంటే, పచ్చి మోడుల వాసనకి ఒక ముక్కుపురుగు మూగుతుంది, అది లేత మొక్కల బెరడు కొరికి చంపేస్తుంది. ఒక సీజన్ ఆగితే దాని పీడ తగ్గుతుంది. పోతూ పోతూ మేస్త్రీ ఒక మొక్క ఇచ్చాడు. మూడేసి సూదుల కుచ్చులు, చేత్తో నిమిరితే నిమ్మ వాసన లాంటిదేదో. "అన్నిట్లో మూడే ఉన్నాయి తాతయ్యా" అని మావాడు లెక్కతేల్చాడు.

కాబట్టి ఆ బస గురించి నా మాట: దండగ. కానీ చుట్టుపక్కల చూడాల్సినవి ఉన్నాయి, వేరే చోట దిగండి.

మధ్యాహ్నం క్రాకెట్ ఊళ్లో చిన్న హోటల్లో తిన్నది మాత్రం మర్చిపోలేను. క్యాట్‌ఫిష్ వేపుడు ప్లేటు 15.99. మొక్కజొన్న పిండి పట్టించి వేయించిన చేప ముక్కలు, పక్కన అదే పిండితో ఉల్లిపాయ వేసిన వేడి వేడి ఉండలు, పచ్చి టమాటాల ఊరగాయ. అప్పటిదాకా ఇంటి నుంచి తెచ్చిన పులిహోర తప్ప ఏదీ ముట్టని మావయ్య గారు సంచిలోంచి కారప్పొడి డబ్బా తీసి చల్లుకుని రెండో ప్లేటు చెప్పించారు. వడ్డించే ముసలావిడ ఆ కారప్పొడి రుచి చూసి, కళ్లనీళ్లు తుడుచుకుని, ఇంకొంచెం అడిగింది. నలుగురికీ టిప్పుతో కలిపి 86 డాలర్లు. ఈ మొత్తం యాత్రలో నాకు బాధ అనిపించని ఖర్చు అదే.

తర్వాత రాట్‌క్లిఫ్ చెరువు, డేవీ క్రాకెట్ నేషనల్ ఫారెస్ట్‌లో. ప్రశాంతంగా ఉంటుంది, పిల్లలకి బాగుంటుంది. ఈ చెరువు ఒకప్పుడు రంపం మిల్లు దుంగలు తేలేసుకునే గుంట, 1902 నుంచి 1920 దాకా ఆ మిల్లు నడిచింది. చుట్టూ అడవంతా కోసేశాక మిల్లు వెళ్లిపోయింది. బోడిగా మిగిలిన అలాంటి భూముల్ని 1930ల్లో ప్రభుత్వం కొని నేషనల్ ఫారెస్టులుగా చేసింది. ఇప్పుడు మనం నోరు తెరుచుకుని చూసే చెట్లన్నీ ఆ తర్వాత పెరిగినవే. ఒక వైపు నేల నల్లగా మాడి ఉంది. అది కావాలని పెట్టిన మంట. కొన్నేళ్లకోసారి తుప్పల్ని అలా కాలుస్తారు, మందపాటి బెరడున్న పెద్ద చెట్లకి ఏమీ కాదు.

అప్పటికే పుప్పొడి మొదలైంది. పసుపు పచ్చటి పొడి కారు అద్దం మీద, చెప్పుల మీద, పిల్లాడి కనుబొమ్మల మీద. శ్రీమతి తుమ్ములు లెక్కపెట్టడం మానేసి మౌనవ్రతం పట్టింది. ఆవిడ మౌనం తుమ్ముల కన్నా ప్రమాదం.

మర్నాడు హైవే 21 పట్టుకుని పడమటికి బాస్ట్రాప్ వెళ్లాం. ఈ రోడ్డు మీద కిటికీలోంచి చూడటం ఒక పాఠం. క్రాకెట్ దాటాక పైన్ చెట్లు పలచబడి, మాడిసన్‌విల్ వచ్చేసరికి మాయమై, బ్రయాన్, కాల్డ్‌వెల్ మీదుగా అంతా ఓక్ చెట్లూ పశువుల మేత భూములే. ఇక పైన్ కథ అయిపోయిందనుకునేటప్పటికి బాస్ట్రాప్ ముందు మళ్లీ ప్రత్యక్షం. అసలు పైన్ అడవికి వంద మైళ్లు పడమరగా విడిపోయిన ముక్క ఇది, అందుకే లాస్ట్ పైన్స్, అంటే తప్పిపోయిన పైన్లు, అంటారు. తక్కువ వానకి అలవాటుపడిన లాబ్లాలీలు ఇవి.

బాస్ట్రాప్ స్టేట్ పార్కులో మనిషికి 5 డాలర్లు, పన్నెండేళ్ల దాకా పిల్లలకి లేదు. మాకు 15 అయింది. దట్టమైన అడవి చూద్దామని వెళ్తే నిరాశపడతారు, ముందే చెబుతున్నా. 2011 సెప్టెంబరు 4న, భయంకరమైన కరువులో, ఈదురుగాలికి చెట్లు కరెంటు తీగల మీద పడి అంటుకున్న మంటల్లో ఈ పార్కు 96 శాతం కాలింది. చుట్టుపక్కల 1,600కు పైగా ఇళ్లు పోయాయి, ఇద్దరు చనిపోయారు. నేల మీద పాకే మంటని తట్టుకునే చెట్లే, మంట కొమ్మల్లోకి ఎక్కేసరికి నిలబడలేకపోయాయి.

ఇప్పుడు అక్కడ ఉన్నది మన నెత్తి మీదికి ఎదిగిన లేత పైన్ గుంపులు, వాటి మధ్య నల్లబడ్డ పాత మానులు. నాకు ఉద్యానవనంలా అనిపించలేదు. మావయ్య గారు మాత్రం నడిచి నడిచి కాళ్లు నొప్పులన్నా ఆగలేదు. ఆయన అడిగింది ఒకటే, "తల్లి చెట్లే పోతే విత్తనం ఎక్కడిది?" సరైన ప్రశ్న. లాబ్లాలీ విత్తనం నేలలో ఏళ్ల తరబడి దాగి ఉండదు, ఏడాదికే పాడైపోతుంది. చుట్టూ చెట్లు లేకపోతే అడవి తనంతట తాను లేవదు. అదృష్టం ఏమిటంటే, టెక్సాస్ ఫారెస్ట్ సర్వీసు వాళ్ల దగ్గర ఈ లాస్ట్ పైన్స్ విత్తనమే శీతల గిడ్డంగిలో నిలవ ఉంది. దాంతో నారు పోసి, వాలంటీర్లతో లక్షల మొక్కలు నాటించారు. "విత్తనం దాచినోడికి దణ్ణం పెట్టాల" అని మావయ్య గారు అక్కడే ఒక మొక్కని తడిమి చూశారు.

పార్కులో 1930ల నాటి రాతి కేబిన్లు ఉన్నాయి. ఆ మంటల్లో అగ్నిమాపక సిబ్బంది వాటిని కాపాడారు. వీలైతే అక్కడే ఉండండి, కాకపోతే నెలల ముందు బుక్ చేయాలి. మాకు దొరకలేదు. ఊళ్లో హైవే పక్క మోటెల్లో దిగాం, పన్నుతో కలిపి 92. గది శుభ్రం, దుప్పట్లు మేం ఉతకక్కర్లేదు, నడిపే గుజరాతీ ఆవిడ రాత్రి పదింటికి అల్లం టీ పెట్టిచ్చింది. అంతకన్నా చెప్పడానికేం లేదు, మంచి బసకి ఇంతకన్నా అక్కర్లేదు కూడా.

మీరు వెళ్తే నా సలహా: ఇంట్లో వ్యవసాయం చేసిన పెద్దవాళ్లు ఉంటే క్రాకెట్ వైపు, ఒక్క రోజే ఉంటే నేరుగా బాస్ట్రాప్. బుక్ చేసేముందు ఓనరుని ఈ వారం తీసిన ఫొటో పంపమనండి, పంపకపోతే వదిలేయండి. అలర్జీ ఉన్నవాళ్లు పుప్పొడి కాలం తప్పించి వెళ్లిరండి. వచ్చే దారిలో ఫార్మసీలో ఆగితే మాత్రలకి 22.49 అయింది. ఆ లెక్క కూడా ఇందులోనే రాయమని శ్రీమతి ఆర్డరు.