నైట్ అవుటా, నాలుగింటి అలారమా: ఏది మేలు?

తిరుపతిలో ఇంటర్ పిల్లలకు జువాలజీ చెప్తాను. సంక్రాంతి దాటిందంటే ఒకే ప్రశ్న రెండు వైపుల నుంచి వస్తుంది. పిల్లలేమో "రాత్రి రెండు దాకా కూర్చుంటేనే బాగా ఎక్కుతాది సార్, హాస్టల్లో పదకొండుకే లైట్లు ఆర్పేస్తా ఉండారు" అంటారు. పీలేరు నుంచో పుంగనూరు నుంచో ఫోన్ చేసే అమ్మలేమో "మావాణ్ణి నాలుక్కే లేపమని చెప్పండి సార్, తెల్లారుజామున చదివింది మర్చిపోరు" అంటారు. ఇద్దరిదీ గట్టి నమ్మకమే. ఇద్దరూ పిల్లల మేలు కోరే అడుగుతున్నారు. అందుకే దీనికి మెదడు వైపు నుంచి జవాబు చెప్పాలనిపించింది.

ముందుగా నిద్ర సంగతి. రాత్రంతా మనం ఒకే తీరుగా నిద్రపోము. సుమారు 90 నిమిషాలకు ఒక చక్రం చొప్పున నాలుగైదు చక్రాలు తిరుగుతాయి. మొదటి చక్రాల్లో గాఢ నిద్ర ఎక్కువ. తెల్లవారే వైపుకు వచ్చేసరికి కలలు వచ్చే దశ, అంటే రెమ్ నిద్ర, పొడవవుతుంది. ఈ దశను 1953లో యూజీన్ అసెరిన్‌స్కీ, నథానియల్ క్లైట్‌మన్ బయటపెట్టారు.

చదువుకూ దీనికీ ఉన్న సంబంధం హిప్పోకాంపస్ దగ్గర ఉంది. చెవుల పైభాగానికి లోపలగా, రెండు వైపులా ఉండే చిన్న భాగమిది. అదే 1953లో అమెరికాలో హెన్రీ మొలైసన్ అనే యువకుడికి మూర్ఛ తగ్గించడానికి రెండు వైపులా ఈ భాగాన్ని చాలావరకు తీసేశారు. మూర్ఛ తగ్గింది. కానీ ఆ తర్వాత కలిసిన మనిషిని కాసేపటికే మర్చిపోయేవాడు. చిన్ననాటి సంగతులు మాత్రం గుర్తున్నాయి. 2008లో చనిపోయేదాకా ఆయన అలాగే బతికాడు. కొత్త విషయం మెదడులో నిలవాలంటే ముందు హిప్పోకాంపస్ పట్టుకోవాలనీ, పాతబడిన జ్ఞాపకాలు వేరేచోట స్థిరపడతాయనీ శాస్త్రవేత్తలకు ఆయన వల్లే స్పష్టంగా తెలిసింది.

మరి ఇక్కడి నుంచి అక్కడికి చేరేదెప్పుడు? చాలావరకు నిద్రలో. 1994లో మాథ్యూ విల్సన్, బ్రూస్ మెక్‌నాటన్ ఎలుకల హిప్పోకాంపస్‌లో కణాల కదలికను రికార్డు చేశారు. మెలకువలో తిరుగుతున్నప్పుడు ఏ కణాలు కలిసి స్పందించాయో, తర్వాత గాఢ నిద్రలోనూ అవే కలిసి స్పందించాయి. పగటి పాఠాన్ని మెదడు నిద్రలో మళ్లీ వల్లెవేస్తుందన్నమాట.

ఇక రాత్రి వైపు వాదం. రాత్రంతా అసలు పడుకోకుండా చదివే నైట్ అవుట్ గురించి నాకు ఏ సందేహమూ లేదు: అది నష్టమే. వల్లెవేసే పని జరగదు, పైగా నిద్ర లేని హిప్పోకాంపస్ మర్నాడు కొత్త విషయాన్ని కూడా సరిగా పట్టుకోదు. మన బస్టాండు చుట్టుపక్కల యాత్రికుల కోసం రాత్రంతా టీ కొట్లు నడుస్తాయి కాబట్టి, ఈ ఊళ్లో పిల్లలకు మేలుకోవడం మరీ సులువు. టీ నిద్రను తీర్చదు. మెలకువగా ఉన్నంతసేపూ మెదడులో అడినోసిన్ అనే పదార్థం పేరుకుంటుంది, అదే నిద్ర తెప్పిస్తుంది. టీలోని కెఫీన్ ఆ అడినోసిన్ అతుక్కునే చోట్లలో తాను కూర్చుంటుంది, అంతే. అలసట ఉన్నచోటే ఉంటుంది, తెలియదు. తాగిన కెఫీన్‌లో సగం పోవడానికి సుమారు ఐదు గంటలు పడుతుంది. పన్నెండింటికి టీ తాగి రెండుకు పడుకున్నవాడి నిద్ర కూడా అందుకే పలచబడుతుంది.

ఇంకో సంగతి తల్లిదండ్రులు గమనించాలి. నిద్ర తక్కువైతే భయానికీ కోపానికీ స్పందించే మెదడు భాగం, అమిగ్డలా, రేగుతుంది. ఫిబ్రవరి, మార్చిలో చిన్న మాటకే ఏడ్చే పిల్లలను, టెన్షన్‌తో అన్నం వదిలేసే పిల్లలను చూస్తుంటాం. అది పిరికితనమనుకోకండి. ముందు ఎన్ని గంటలు పడుకుంటున్నారో అడగండి.

అయితే తెల్లవారుజామే మేలా? మన పెద్దల మాటలో నిజం ఉంది. నిద్ర చాలినవాడికి అప్పటికి అడినోసిన్ తగ్గిపోయి ఉంటుంది. ఫోన్ మోగదు. మార్చి దాటాక తిరుపతి ఎండలో పగలు చదవడమే కష్టం, ఆ వేళకు కాస్త చల్లగా ఉంటుంది. కానీ నాలుక్కు లేవమన్న నాయనమ్మ ఎనిమిదిన్నరకే దీపం తీసేసేది. మనం అలారం ఉంచుకున్నాం, దీపం తీయడం మానేశాం. పదకొండుకు పడుకుని నాలుక్కు లేస్తే దక్కేది ఐదు గంటలు. ఈ వయసుకు కావలసింది ఎనిమిది నుంచి పది గంటలు.

వయసు ఇంకో చిక్కు తెస్తుంది. మెదడులో హైపోథాలమస్ దగ్గర సుమారు 20 వేల నాడీకణాల గుంపు ఒకటి ఉంటుంది, శరీరం గడియారం అదే. కౌమారంలో ఈ గడియారం ఒకటి రెండు గంటలు వెనక్కి జరుగుతుంది. నిద్రకు వేళైందని చెప్పే మెలటోనిన్ ఆలస్యంగా విడుదలవుతుంది. రాత్రి పదిన్నరకు పదిహేడేళ్ల పిల్లాడు నిజంగానే చురుగ్గా ఉంటాడు, నాలుక్కు నిజంగానే లేవలేడు. వయసు పెరిగేకొద్దీ గడియారం ముందుకు వస్తుంది. అమ్మకు దానంతట అదే మెలకువ వచ్చేస్తుంది, కొడుక్కీ రావాలనుకుంటుంది. ఇందులో బద్ధకమేమీ లేదు. బలవంతంగా లేపితే మొదటి అరగంట మత్తులోనే పోతుంది, పుస్తకం మీద కళ్లు ఉంటాయంతే.

రెంటినీ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు ముఖ్యంగా కనిపించేది ఇది. మెదడు తనకు కావలసిన గాఢ నిద్రను ముందుగా రాబట్టుకుంటుంది. అందువల్ల రెండుకు పడుకుని ఆరుకు లేచినా, పదకొండుకు పడుకుని నాలుక్కు లేచినా, కోత ఎక్కువగా పడేది చివరి భాగానికే, రెమ్ నిద్రకే. వాదించుకునే ఇద్దరూ ఒకే చోట కోస్తున్నారు. కాబట్టి ఇంటర్ పిల్లలకు నా ఓటు రాత్రి పదిన్నర దాకా చదివి ఆరున్నరకు లేవడానికి. తొమ్మిదికే నిద్ర పట్టే పిల్లలు కొందరుంటారు, వాళ్లు ఐదుకు లేవచ్చు. ఉద్యోగం చేస్తూ గ్రూప్స్‌కో డిపార్ట్‌మెంట్ పరీక్షకో చదివే నలభై ఏళ్ల వాళ్లకైతే తెల్లవారుజామే మేలు.

వేళ కంటే నాకు ఎక్కువ బాధ కలిగించేది చదివే పద్ధతి. మొన్న ఒకమ్మాయి గుండె పాఠం తెచ్చి చూపించింది. పేజీలో పసుపు, గులాబీ, ఆకుపచ్చ మార్కర్లు పడని లైను లేదు. పుస్తకం మూసి గుండె బొమ్మ గీయమన్నాను. నాలుగు గదులూ చకచకా గీసింది. కుడి కర్ణికకూ కుడి జఠరికకూ మధ్య కవాటం దగ్గర పెన్సిల్ ఆగిపోయింది. అగ్రద్వయ కవాటమా, అగ్రత్రయ కవాటమా? ఎన్నోసార్లు చదివిన లైనే అది. బాగా ఆలోచించి అగ్రత్రయమని తనే రాసింది. ఆ తడుముకునే క్షణంలోనే నేర్చుకోవడం జరుగుతుంది.

2006లో రోడిగర్, కార్పికీ దీన్ని కాలేజీ విద్యార్థుల మీద పరీక్షించారు. ఒక గుంపు పాఠాన్ని నాలుగుసార్లు చదివింది. ఇంకో గుంపు ఒకసారి చదివి, మూడుసార్లు చూడకుండా గుర్తు తెచ్చుకుని రాసింది. ఐదు నిమిషాల తర్వాత చూస్తే చదివినవాళ్లదే పైచేయి. వారం తర్వాత చదివినవాళ్లకు 40 శాతం, రాసినవాళ్లకు 61 శాతం గుర్తుంది. మళ్లీ మళ్లీ చదివితే వచ్చేసినట్టు అనిపిస్తుంది, అందుకే పిల్లలు దాన్ని వదలరు. రాత్రి నాలుగు గంటలు మార్కర్‌తో గీయడం కంటే గంటసేపు చూడకుండా రాసి పడుకోవడం నయం.

నీట్ రాసేవాళ్లు ఇంకొకటి చూసుకోవాలి. ఆ పరీక్ష మధ్యాహ్నం రెండు నుంచి ఐదు దాకా. భోజనం తర్వాత చురుకు తగ్గే వేళ అదే. రాత్రి నిద్ర చాలక రోజూ ఆ వేళలో పడుకోవడం అలవాటైన పిల్లలు మే నెలలో హాల్లో కూర్చుని 180 ప్రశ్నలతో కుస్తీ పట్టాలి. ఏప్రిల్ మొదటి నుంచే మాక్ టెస్టులు రెండింటికి పెట్టుకోండి.

హాస్టళ్లు నడిపేవారికి ఒక విన్నపం. బడులు ఎనిమిదిన్నర కంటే ముందు మొదలుపెట్టవద్దని అమెరికా పిల్లల వైద్యుల సంఘం 2014లోనే చెప్పింది. మన దగ్గర అంత మార్పు ఒక్కసారిగా కుదరకపోవచ్చు. ఐదింటి స్టడీ అవర్ గంటను ఆరున్నరకు జరపడానికి మాత్రం ఎవరి అనుమతీ అక్కర్లేదు. ఒక నెల జరిపి, వారం పరీక్షల మార్కులు పక్కన పెట్టి చూడండి.